నిమ్మతోటకు పులిహోర డబ్బా

వనభోజనాలకు వెళ్ళేటప్పుడు అన్నం మనమే వండి తీసుకుపోవాలన్నది మా అత్తగారి శాసనం. "తోటలో కూర్చోనివ్వడమే వాళ్ళ మంచితనం. పొయ్యి కూడా వెలిగించమంటామా?" అంటారావిడ. అందుకే కిందటి కార్తీకంలో గూడూరు దగ్గర నిమ్మతోటకు బయలుదేరినప్పుడు పులిహోర, దద్దోజనం, విస్తరాకులు, ఆఖరికి మంచినీళ్ళు కూడా మోసుకుపోయాం.

నెల్లూరు నుంచి గూడూరుకు రైల్లో గంట కూడా పట్టదు. జంక్షన్లో దిగి ఆటో ఎక్కాం. ఊరు దాటాక తోటలు మొదలయ్యాయి. ఒక్క ఆకు నలిపితే చాలు, చెయ్యంతా నిమ్మవాసన! పిల్లలు చెట్లలోకి పరుగెత్తి, ముళ్ళు గీరుకుని, అంతే వేగంగా తిరిగి వచ్చారు.

తోట మూల ఉసిరిచెట్టు కింద దీపం పెట్టి విస్తళ్ళు పరిచాం. తోట యజమాని పెద్దాయన. ఆయనకూ ఒక విస్తరి వేశాం. పులిహోర నోట పెట్టుకుని, "నిమ్మకాయదే! కాయలెక్కడివమ్మా?" అన్నాడు.

"నెల్లూరు బజార్లో కొన్నామండీ. పది రూపాయలకు మూడు."

ఆయన నవ్వి, చెట్ల కింద రాలిపడివున్న కాయలను చూపించాడు. "ఏరిస్తే కూలి డబ్బులు కూడా రావడం లేదు తల్లీ!"

గూడూరు నిమ్మ మార్కెట్టు పేరున్నది. ఇక్కడి కాయ లారీలెక్కి ఢిల్లీ దాకా పోతుంది. అక్కడ ఎండలు మండితే ఇక్కడ ధర లేస్తుంది. అక్కడ చలి మొదలైతే ఇక్కడ పడిపోతుంది. 2022 ఏప్రిల్లో చాలా పట్టణాల్లో కిలో 200 రూపాయలు దాటింది; కాని ఆ ఏడు కాపే తక్కువ. వెంకటగిరి దగ్గర పెట్లూరులో నిమ్మ పరిశోధనా స్థానం వుంది. చెట్టు తెగులుకు వాళ్ళు మందు చెబుతారు. ఢిల్లీ చలికి మందెవరు చెబుతారు?

విదేశాల్లో ద్రాక్షసారా తీసే తోటలకు వెళ్ళేవారు కొన్నిచోట్ల భోజనం ఇంటినుంచే తెచ్చుకుంటారట. కాని ఆ తోట సరుకు ఒక సీసా అయినా కొనడం మర్యాదట. మావారు ఈ సంగతి చెప్పగానే అత్తగారు లేచారు.

"కావలసినన్ని కోసుకుపొండమ్మా, డబ్బులెందుకు?" అన్నాడు పెద్దాయన. ఆవిడ వింటేనా! డబ్బాల్లోకి, సంచుల్లోకి నూట యాభై కాయలు లెక్కపెట్టించి, అయిదు వందల రూపాయలు ఆయన చేతిలో పెట్టారు.

"ఇంత ధరా!" అని తెల్లబోయాడాయన.

"మేము ఎప్పుడూ ఇస్తున్నదే అన్నా" అన్నారు అత్తగారు. "మీదాకా రావడం లేదు, అంతే."