పుర్రెకో లెక్క

పుర్రెకో బుద్ధి అన్నారు పెద్దలు. పుర్రెకో లెక్క కూడా ఉంటుందని మా రెండోదాని పళ్ళ పుణ్యమా అని ఈమధ్యే తెలిసింది నాకు.

దానికి పదకొండేళ్ళు. పై పళ్ళు ముందుకొచ్చాయి. "ఎత్తుపళ్ళు అదృష్టమే అమ్మాయ్" అంటూ మా అత్తగారు కొట్టిపారేస్తూ వచ్చారు. ఆ సంగతి బళ్ళో పిల్లలకి తెలీదు కదా! ఓరోజు క్లాసు ఫోటో తెచ్చింది. అందరూ ఇకిలిస్తున్నారు. ఇదొక్కతే పెదాలు బిగించుకుని, ఎవరో కోప్పడ్డట్టు నుంచుంది. అది చూసి నా ప్రాణం ఉసూరుమంది. ఎందుకో తర్వాత చెప్తాను.

ముందు చూపించిన డాక్టరుగారు (పేరెందుకు లెండి) అర నిమిషం నోట్లోకి చూసి, "నాలుగు పళ్ళు తీసేసి క్లిప్పులు వేద్దాం" అన్నారు. బుట్టలోంచి పుచ్చు వంకాయలు ఏరిపారేసినంత తేలిగ్గా! "డాక్టరు చెప్పాక ఇంకేమిటి?" అన్నారు మా వారు. ఆయన పళ్ళు కావుగా! నాకే మనసొప్పక ఇంకొకరి దగ్గరికి తీసుకెళ్ళాను.

ఈయన పళ్ళు చూసి ఊరుకోలేదు. పక్కనుంచి తల మొత్తానికి ఎక్స్‌రే తీయించారు. చెవుల్లో రెండు చిన్న కడ్డీలు పెట్టి తల కదలకుండా పట్టే చట్రం ఒకటుంది. అలాటి పద్ధతిని 1931లో అమెరికాలో బ్రాడ్‌బెంట్, జర్మనీలో హోఫ్రాత్ ఎవరికి వారే ప్రకటించారట. ఎక్స్‌రే 1895 నుంచీ ఉన్నదే. కానీ తల ఒక్కోసారి ఒక్కోలా తిప్పితే ఈ ఏటి బొమ్మనీ వచ్చే ఏటి బొమ్మనీ పోల్చేదెలా? జాకెట్టు కొలత తీస్తూ "నిటారుగా నుంచోండమ్మా" అంటాడే దర్జీ, అదే సూత్రం.

ఈ రోజుల్లో మిగతాదంతా కంప్యూటరే గీసేస్తుందట గానీ, ఆయన నాకు తెలియాలని దీపం వెలిగే అద్దం మీద ఫిల్మ్ పెట్టి, పల్చటి కాగితం పరిచి, పెన్సిలు పట్టారు. ముందు చుక్కలు, తర్వాత గీతలు. అచ్చం ముగ్గే! పుర్రె నడుమ పిట్యూటరీ గ్రంథి కూర్చునే గుంటలో ఒక చుక్క, నుదుటి ఎముకా ముక్కు ఎముకా కలిసేచోట ఒకటి, పై దవడ ముందు వంపులో ఒకటి, కింది దవడ వంపులో ఒకటి. ముక్కు మొదలు దగ్గర కోణాలు కొలిచారు. మామూలుగా పై దవడకి 82 డిగ్రీలు, కిందదానికి 80 చూస్తారట. మా పిల్లకి పైది 81, కిందది 75.

"పై దవడ ఉండాల్సిన చోటే ఉందమ్మా. కిందదే వెనకబడింది" అన్నారు.

విన్నారా! ఇన్నాళ్ళూ పై పళ్ళని ఆడిపోసుకున్నాం. కళ్ళకి కనిపించే కోడలికే అన్ని తిట్లూనూ! ఆ నాలుగూ పీకించి ఉంటే, సరిగా ఉన్న పై వరసని వెనక్కి లాగి, వెనకబడ్డదానితో రాజీ చేయించినట్టయ్యేది. చోటు చాలని కొందరికి పళ్ళు తీయడమే సరైన వైద్యమట, అదీ చెప్పారాయన. ఎటొచ్చీ అది కొలిచాక చెప్పాల్సిన మాట.

తర్వాత అదే ఫిల్మ్‌లో మెడ వెన్నుపూసల అడుగు వంపులు చూస్తూ, "పిల్ల పెద్దమనిషి అయిందా అమ్మా?" అని అడిగారు. లేదన్నాను. ఇంటికొచ్చి చెప్తే మా అత్తగారు బుగ్గలు నొక్కుకున్నారు. "పళ్ళ డాక్టరుకి ఆ సంగతులెందుకే!" ఎందుకంటే, ఆడపిల్లలు జోరుగా పెరిగేది సాధారణంగా దానికి కాస్త ముందేనట. ఆ వేళ పట్టుకుని, కింది దవడ ముందుకు పెట్టించే రెండు పలకలు నోట్లో పెడితే ఫలితం బావుంటుందట. పెరుగుదల అయిపోయాక దవడ జరపాలంటే ఆపరేషనే.

"దవడని నేను పెంచలేనమ్మా. అది పెరిగే వేళని వాడుకుంటాను. సగానికి పైగా సర్దుకునేవి పళ్ళే" అన్నారు నిజాయితీగా.

నేనూ ఊరుకోలేదు. "ఆ ఎనభై రెండు ఎవరి మొహానిదండీ?" అన్నాను. ఆయన నవ్వి, ఈ లెక్కలు చాలావరకు అమెరికాలో తెల్లవాళ్ళని కొలిచి వేసినవన్నారు. 1948లో డౌన్స్ అనే ఆయన మంచి పలువరస ఉన్న ఇరవై మందినే తీసుకున్నారట. మనవాళ్ళని కొలిస్తే పళ్ళూ పెదాలూ కాస్త ముందుకుండటం మామూలేనని తేలిందట. "అందుకే అంకెకి కాదు, పిల్లకి వైద్యం చేస్తాను" అన్నారు. అప్పటికి గానీ నాకు ఆయన మీద గురి కుదరలేదు.

ఇక ఫోటో సంగతి. నా పెళ్ళిచూపుల్లో మగపెళ్ళివారి తాలూకు పెద్దావిడ ఎవరో "అమ్మాయి బావుంది గానీ నవ్వదేం?" అంది. నవ్వితే పళ్ళు కనిపిస్తాయని మా అమ్మ ముందే నూరిపోసింది మరి! పెళ్ళి ఆల్బమ్ నిండా నావి మూసుకున్న పెదాలే. క్లాసు ఫోటోలో నాకు కనిపించింది అవే. అందుకే రాత్రిళ్ళు ఒకటే అనుమానం: ఈ వైద్యం దానికోసమా, ఆ పెద్దావిడకి ఇన్నేళ్ళకి జవాబు చెప్పడానికా?

ఉండబట్టలేక పిల్లనే అడిగాను. "వద్దంటే మానేద్దామే."

"జామకాయ ముందు పళ్ళతో కొరకాలనుందమ్మా. పక్క పళ్ళతో కొరికితే అందరూ చూస్తున్నారు" అంది.

ఇది నాకు తట్టనే లేదు సుమండీ! నేనూ జామకాయ కత్తిపీట మీద కోసుకునే తింటాను.

పలకలు పెట్టి మూడు వారాలైంది. మాట నత్తిగా వస్తోంది, "చారు" అంటే "సారు" అంటోంది. ఏడాదయ్యాక అవసరమైతే మళ్ళీ ఫిల్మ్ తీసి, ఈ గీతల మీద ఆ గీతలు పెట్టి చూస్తారట. మొదటి ఫిల్మ్ నా బీరువాలో పట్టుచీరల నడుమ ఉంది. మొన్న మా అత్తగారు దాన్ని తీసి కిటికీ వెలుగులో పట్టుకుని, కళ్ళజోడు సవరించుకుని చాలాసేపు చూశారు.

"గడ్డం అచ్చం నీదే అమ్మాయ్" అన్నారు.

తప్పు పట్టినట్టూ లేదు, మెచ్చుకున్నట్టూ లేదు.