వంగే వేళ్ళు, అలిసే పిల్లలు

చేతిలో ఉన్నది కాసేపు పక్కన పెట్టి, అరచెయ్యి బల్ల మీద బోర్లా ఆనించండి. రెండో చేత్తో చిటికెన వేలిని మెల్లగా పైకెత్తండి. నిటారుగా లేచి ఆగిపోయిందా, ఇంకా వెనక్కి మణికట్టు వైపు వాలిందా? బలవంతం మాత్రం వద్దు. వాలితే ఒక మార్కు, రెండో చేతికి ఇంకొకటి. బొటనవేలు వంచితే ముంజేతికి తగిలినా, మోచెయ్యి, మోకాలు తిన్నగా ఆగకుండా పది డిగ్రీలు దాటి వెనక్కి వంగినా అలాగే పక్కకొకటి చొప్పున మార్కులు. మోకాళ్ళు ముడవకుండా ముందుకు వంగి రెండు అరచేతులూ నేలకు ఆనిస్తే ఆఖరిది. మొత్తం తొమ్మిది. దీన్ని బైటన్ స్కోరు అంటారు. 1973లో పీటర్ బైటన్, ఆయన సహచరులు దక్షిణాఫ్రికాలో త్స్వానా ప్రజల కీళ్ళను పరీక్షించినప్పుడు ఈ రూపానికి వచ్చింది. పెద్దవాళ్ళలో అయిదు వస్తే కీళ్ళు మామూలు కంటే వదులని లెక్క.

మన ఇళ్ళల్లో ఇలా వంగే పిల్లలంటే ముచ్చట. చుట్టాలొస్తే పిలిచి మరీ చేయించి చూపిస్తాం. డాన్సు మాస్టారికైతే పండగే. చిన్న వయసులో కీళ్ళు వదులుగా ఉండటం మామూలే, ఆడపిల్లల్లో మరీను. చాలామందికి దానివల్ల ఏ ఇబ్బందీ ఉండదు, కాబట్టి కంగారు పడకండి. నేను చెప్పాలనుకున్నది ఇబ్బంది పడే పిల్లల గురించి, వాళ్ళలోనూ ఆటిజం ఉన్న పిల్లల గురించి.

నాకు తెలిసిన ఒక బాబు రాసుకుంటుంటే పక్కన కూర్చుని చూశాను. ఆటిజం ఉన్నవాడు, తెలివైనవాడు. పెన్సిల్ నొక్కగానే చూపుడు వేలి చివరి కణుపు లోపలికి కుంగిపోతుంది. పెన్సిల్ జారిపోకుండా బొటనవేలు దాని చుట్టూ చుట్టేసి పిడికిలి బిగిస్తాడు. రెండు మూడు లైన్లు రాసేసరికి గోళ్ళు తెల్లబడతాయి. ఆ తర్వాత పెన్సిల్ విసిరేసి బల్ల కింద దూరతాడు. స్కూలు డైరీలో మాత్రం 'రాయమంటే మొండికేస్తున్నాడు' అని ఉంటుంది. ఆ వాక్యం చదివినప్పుడల్లా నాకు మనసు చివుక్కుమంటుంది. వాడి వేళ్ళను ఎవరూ చూడలేదు కదా!

నవారు వదులైన మంచం మీద పడుకున్నవాడు రాత్రంతా సర్దుకుంటూనే ఉన్నట్టు, కీళ్ళను పట్టి ఉంచే కట్లు వదులైతే ఆ పనంతా కండరాల మీద పడుతుంది. ఊరికే కూర్చున్నా అలుపే. ఇంకో చిక్కూ ఉంది. కళ్ళు మూసుకున్నా మన చెయ్యి ఎక్కడుందో మనకు తెలుస్తుంది. కండరాలు, కీళ్ళు మెదడుకు పంపే కబురు అది. వదులు కీళ్ళున్న కొందరికి ఆ కబురు స్పష్టంగా అందదు. అందుకే గుమ్మాలకు గుద్దుకోవడం, గోడకు ఒత్తుకుని నిలబడటం, గట్టిగా వాటేసుకోమని అడగటం. ఇవన్నీ మనం ఆటిజం ఖాతాలో రాసేస్తాం. కొంత నిజమే కావచ్చు, కొంత కీళ్ళదీ కావచ్చు.

రెండూ కలిసి ఉండటం ఒట్టి ఊహ కాదు. 2016లో స్వీడన్ పరిశోధకులు దేశం మొత్తం ఆరోగ్య రికార్డులు తిరగేశారు. కీళ్ళు, చర్మం విపరీతంగా సాగే ఎహ్లర్స్-డాన్లోస్ సిండ్రోమ్ ఉన్నవాళ్ళలో ఆటిజం నిర్ధారణ మిగతావాళ్ళకంటే ఏడు రెట్లకు పైగా కనిపించింది. అయితే ఆసుపత్రి గడప ఎక్కువగా తొక్కేవాళ్ళకు రెండో జబ్బు బయటపడే అవకాశమూ ఎక్కువే, ఆ మాట మరవకూడదు. 2022లో ఇంగ్లండులోని బ్రైటన్‌లో జెస్సికా ఎకిల్స్ బృందం ఆటిజం, ఏడీహెచ్‌డీ, టూరెట్ వంటి మెదడు ఎదుగుదల తేడాలు ఉన్న 109 మంది పెద్దవాళ్ళను పరీక్షించింది. వాళ్ళలో సగం మందికి కీళ్ళు వదులు. మామూలు జనంలో అది అయిదుగురిలో ఒకరు. ఆ సగం మందిలోనే ఒళ్ళునొప్పులు, లేచి నిలబడగానే కళ్ళు తిరగడం, గుండె దడ కూడా ఎక్కువ. ఆ దడను భయమనుకుని, పిరికితనమనుకుని ఏళ్ళు గడిపేసినవాళ్ళు ఎంతమందో!

ఒకటి ఇంకొకదానికి కారణమని మాత్రం ఎవరూ తేల్చలేదు. కీళ్ళు వంగే పిల్లలందరికీ ఆటిజం ఉండదు, ఆటిజం ఉన్న పిల్లలందరికీ కీళ్ళు వంగవు. నా బాధల్లా ఒకటే. ఆటిజం అని పేరు పెట్టాక ఆ పిల్లవాడి ఒంటిని చూడటం మానేస్తున్నాం. మోకాలు నొప్పి అని నోటితో చెప్పలేని పిల్లవాడు మెట్ల దగ్గర కూలబడి ఏడుస్తాడు. మనం ఆ ఏడుపు మాన్పించే ఉపాయాలు వెతుకుతాం, మోకాలు తడిమి చూడం.

చూస్తే చెయ్యగలిగింది చాలా ఉంది. ఇంకా సాగదీసే వ్యాయామాలు కాకుండా, కీళ్ళ చుట్టూ కండబలం పెంచేవి ఫిజియోథెరపిస్టు నేర్పుతారు. లావు పెన్సిల్, పాదాలు ఆనే పీట, రాత మధ్యలో విరామం, అవసరమైతే టైపింగ్. చుట్టాల ముందు వేళ్ళు విరిచి చూపించే ముచ్చట మాత్రం ఆపెయ్యాలి. సర్కారు వైపు జిల్లాల్లో డీఈఐసీ (డిస్ట్రిక్ట్ ఎర్లీ ఇంటర్వెన్షన్ సెంటర్) కేంద్రాలున్నాయి. పిల్లల డాక్టరు, ఫిజియోథెరపిస్టు, సైకాలజిస్టు ఒకే చోట చూడాలన్నదే వాటి ఉద్దేశం. వెళ్ళేటప్పుడు బాబు రాస్తున్నదీ, మెట్లెక్కుతున్నదీ ఫోన్‌లో వీడియో తీసి పట్టుకెళ్ళండి. అక్కడ కొత్త మనుషుల మధ్య వాడు చేసి చూపించకపోవచ్చు. ఏ పూట అలిసిపోతాడో, ఏ కాలు పట్టుకుంటాడో ఒక కాగితం మీద రాసుకోండి. ఆటిజం సంగతి ముగిశాక, "వీడి కీళ్ళు కూడా ఒకసారి చూడండి డాక్టరుగారూ" అని అడగండి.