ఉపసంహారం లేని అస్త్రం



జర్మను భాషలో ‘ఫెర్గెల్టుంగ్’ అనే పదానికి ప్రతీకారమని అర్థం. 1944వ సంవత్సరంలో హిట్లరు ప్రభుత్వం తన రెండు నూతనాయుధాలకు ఆ పదంలోని తొలి అక్షరాన్నే నామంగా నిర్ణయించింది. మొదటిది వి-1, చోదకుడు లేని చిన్న విమానం. రెండవది వి-2, శుద్ధమైన రాకెట్టు. మిత్రరాజ్యాలు జర్మను నగరాలను దగ్ధం చేస్తున్నవి గనుక అందుకు ప్రతిగా పగ తీర్చుకొనే ఆయుధమిదని ప్రజలకు ప్రకటించారు. మన ఇతిహాసాలలో అస్త్రాలకు అధిదేవతల నామాలున్నవి: ఆగ్నేయం, వారుణం, వాయవ్యం. ప్రయోక్త హృదయంలోని ద్వేషాన్నే పేరుగా ధరించిన అస్త్రం నాకు తెలిసినంతలో లేదు.

ఆధ్యాత్మిక వ్యాసంలో ఈ ప్రస్తావన ఎందుకని కొందరికి సందేహం కలుగవచ్చు. గచ్చిబౌలిలో మా నివాససముదాయపు సభామందిరంలో ఆదివారాలలో గీతాస్వాధ్యాయం జరుగుతుంది. వచ్చేవారిలో అధికులు సాఫ్ట్‌వేరు ఉద్యోగులు. ఒక యువకుడు మాత్రం క్షిపణి భాగాలను రూపొందించే ఒక సంస్థలో ఇంజనీరు. గచ్చిబౌలి అనగానే అద్దాల మేడలు, కంప్యూటర్లు మాత్రమే స్ఫురిస్తాయి గాని, ఆ మేడల నడుమనే భారత్ డైనమిక్స్ వారి ప్రధాన కార్యాలయమున్నది. 1970లో స్థాపితమైన ఆ సంస్థ కర్మాగారం, దానికి విద్యనందించే డీఆర్‌డీఎల్ ప్రయోగశాల, రెండూ నగరానికి ఆవలి దిక్కున కంచన్‌బాగ్‌లో ఉన్నవి. భాగ్యనగరం ఐటీ నగరం కావడానికి ఎన్నో ఏండ్ల ముందే క్షిపణి నగరమైంది.

మూడవ అధ్యాయపు పఠనం ముగిసిన ఒక ఆదివారం ఆ యువకుడు అందరూ వెళ్ళేవరకు ఆగి నన్నడిగాడు: “మాస్టారూ, మేము అభ్యసించే ఈ విద్య ఏ దేశంలో, ఏ గుహలలో పెరిగిందో చదివాను. అక్కడ మరణించినవారి పాపం మా చేతులకు అంటుతుందా? అంటుతుందంటే ఉద్యోగం మానేస్తాను.” అతనికి గృహఋణమున్నది, రెండేండ్ల కూతురున్నది. ఊరక అడిగిన ప్రశ్న కాదది.

ఆ గుహల వృత్తాంతం చెప్పకుండా ఈ విచారణ ముందుకు సాగదు.

బాల్టిక్ సముద్రతీరంలోని పీనెమ్యుండె గ్రామం వద్ద వెర్నర్ ఫాన్ బ్రౌన్ బృందం ఈ రాకెట్టును నిర్మించింది. 1942 అక్టోబరు 3న తొలిసారి అది సఫలంగా ఎగిరింది. 14 మీటర్ల పొడవు, సుమారు పన్నెండున్నర టన్నుల బరువు, శిరస్సున దాదాపు ఒక టన్ను విస్ఫోటకం. ఆల్కహాలు, ద్రవీకృత ప్రాణవాయువు దానికి ఆహారం. 1943 ఆగస్టులో బ్రిటిష్ విమానాలు పీనెమ్యుండెపై బాంబులు వేయగా, ఉత్పత్తిని నోర్డ్‌హౌసెన్ పట్టణం సమీపాన కోన్‌స్టైన్ అనే కొండ గర్భంలోని సొరంగాలకు తరలించారు. అక్కడ పనిచేసినవారు ఖైదీలు: రష్యనులు, పోలండువారు, ఫ్రెంచివారు, ఇంకా ఎందరో. ఆ నిర్బంధశిబిరం పేరు డోరా. తొలి మాసాలలో వారు సొరంగాలలోనే పనిచేసి సొరంగాలలోనే నిద్రించారు, సూర్యదర్శనం దుర్లభం. డోరా శిబిరాలకు సుమారు 60,000 మందిని తెచ్చారు. వారిలో ఇంచుమించు 20,000 మంది ఆకలితో, రోగంతో, ఉరికంబాలపై మరణించారు.

1944 సెప్టెంబరు 8న పారిస్ పైన, లండను పైన తొలి వి-2లు పడినవి. డిసెంబరు 16న ఆంట్వెర్ప్ నగరంలో రెక్స్ అనే చలనచిత్రశాలపై ఒకటి పడగా 567 మంది గతించారు. అయినా ఈ రాకెట్టు తాకి చనిపోయినవారికంటె, దానిని నిర్మిస్తూ చనిపోయినవారే అధికులు. ఆయుధచరిత్రలో ఇటువంటి విపర్యయం మరొకటి ఉన్నదేమో నేను ఎరుగను. శత్రువును తాకకముందే అది తన నిర్మాతలనే భక్షించింది.

ఇంకొక విశేషం. అది శబ్దంకంటె వేగంగా వచ్చేది. ముందు విస్ఫోటం, తరువాత అది వస్తున్న ధ్వని. ధ్వని విన్నవాడు బ్రతికి ఉన్నాడని అర్థం. కురుక్షేత్రంలో శంఖాలు మ్రోగిన తరువాతనే బాణాలు లేచినవి. సమరంలో శబ్దం ముందు, శస్త్రం తరువాత, అదొక మర్యాద. ఇక్కడ ఆ క్రమమే తలక్రిందులైంది.

ఇక మన నగరానికి వద్దాం. పీనెమ్యుండెలోనే విమానాలను కూల్చడానికి ‘వాసర్‌ఫాల్’ అనే క్షిపణిని కూడా పరీక్షించారు. ద్రవ ప్రాణవాయువును నిలువ చేయడం కష్టం గనుక దానికి నత్రికామ్లం వంటి ఆక్సీకారకాన్ని, తాకినంతనే మండే ఇంధనాన్ని ఎన్నుకొన్నారు. ఆ ఇంధనాలలో జైలిడిన్, ట్రైఇథైలమిన్‌ల మిశ్రమమైన ‘టోంకా’ ఒకటి. యుద్ధానంతరం సోవియట్లు వాసర్‌ఫాల్‌ను స్వాధీనం చేసుకొని పరిశోధించారు. తరువాత వారు స్వతంత్రంగా నిర్మించిన ఎస్-75 అనే విమానవిధ్వంసక క్షిపణిలో ఆ ఆమ్లమార్గమే, ఆ కుటుంబపు ఇంధనమే నిలిచింది. ఆ ఎస్-75 భారతదేశానికి వచ్చింది. 1970వ దశకంలో డీఆర్‌డీఎల్ శాస్త్రజ్ఞులు దానిని విప్పి, అంగాంగం పరిశీలించి, తామే నిర్మించే పథకం చేపట్టారు. దాని పేరు ‘డెవిల్’. (ఆ పేరు ఎవరు పెట్టారో గాని, చరిత్ర తెలిసే పెట్టినట్లున్నది.) డెవిల్ క్షిపణిగా ఫలించలేదు, కాని ఆ ద్రవ ఇంజను విద్య నుండి ‘పృథ్వి’ జన్మించింది. 1988 ఫిబ్రవరి 25న శ్రీహరికోటలో పృథ్వి ఎగిరినప్పుడు దాని ఉదరంలో మండినది ఎర్రని నత్రికామ్లం, జైలిడిన్, ట్రైఇథైలమిన్. మరుసటి ఏడాది ఎగిరిన తొలి ‘అగ్ని’ రెండవ దశ కూడా పృథ్వి ఇంజను సంతానమే.

మరొక శాఖ ఫ్రాన్సు మీదుగా వచ్చింది. పీనెమ్యుండెలో పనిచేసిన జర్మను ఇంజనీర్లు కొందరు యుద్ధానంతరం వెర్నోన్ పట్టణంలో ఫ్రెంచి రాకెట్లకు సేవ చేశారు. అక్కడ రూపొందిన వైకింగ్ ఇంజనునే మనవారు నేర్చుకొని ‘వికాస్’గా మలచారు. 2023 జూలై 14న చంద్రయాన్-3ను మోసిన రాకెట్టులో రెండు వికాస్ ఇంజనులు మండినవి. ఆ మధ్యాహ్నం చప్పట్లు చరచిన మనమందరం ఈ వంశవృక్షపు కొమ్మమీదే కూర్చున్నాము.

ఈ సంగతులు స్వాధ్యాయంలో చర్చకు వచ్చినప్పుడు ఒక పెద్దాయన వెంటనే సమాధానం చెప్పారు: విషం నుండైనా అమృతాన్ని గ్రహించవచ్చునని ధర్మశాస్త్రమే అనుమతించింది గదా, విద్యకు మైల ఏమిటి? నిజమే. అగ్ని దేనిని దహించినా అగ్నికి అశౌచం లేదు. జైలిడిన్ ఆమ్లాన్ని తాకి మండుతుందనే సత్యం హిట్లరు సొత్తు కాదు. అయితే ఈ సమాధానం సగమే. విద్య నిర్మలమైనా, అది మనకు చేరిన మార్గంలో రక్తం పారింది. విద్యను గ్రహించినవాడు మార్గాన్ని మరువవచ్చునని శాస్త్రం ఎక్కడా చెప్పలేదు. అందుకే గదా ఋషిఋణం, పితృఋణం అని పేర్లు పెట్టి మరీ మనను బంధించింది.

మరొకరు ‘నిమిత్తమాత్రం’ అన్న గీతావాక్యాన్ని స్మరించారు. యంత్రం నిర్మించేవాడు నిమిత్తమాత్రుడే, ఫలం ప్రయోగించేవానిదని వారి భావం. దీనితో నేను ఏమాత్రం ఏకీభవించను. అర్జునుడు నిమిత్తం కావడానికి ముందు రెండు సేనల మధ్య రథం నిలిపి, తాను చంపబోయేవారి ముఖాలను ఒక్కొక్కటిగా చూశాడు. వణికాడు. ప్రశ్నించాడు. ఆ తరువాతనే ఆ మాట అతనికి చెప్పబడింది. ఫాన్ బ్రౌన్ తాను ఆ సొరంగపు కర్మాగారానికి పలుమార్లు వెళ్ళినట్లు స్వయంగా అంగీకరించాడు. చూసి, తిరిగి వచ్చి, గణితం కొనసాగించాడు. యుద్ధానంతరం అమెరికాకు చేరి, మానవుని చంద్రునికి పంపిన రాకెట్టు నిర్మాతగా కీర్తిపొందాడు. చూడనివానికి, చూసీ అడగనివానికి ‘నిమిత్తం’ అనే కవచం చెల్లదు.

యువకునికి నేను చదివి వినిపించినది సౌప్తికపర్వంలోని ఐషీక వృత్తాంతం. ద్రోణుడు బ్రహ్మశిరోనామకాస్త్రాన్ని అర్జునునికి సంతోషంతో ఇచ్చాడు. కుమారుడు అశ్వత్థామ తనకూ కావాలని పట్టుబట్టగా, అంత సంతోషం లేకుండానే ఇచ్చి, ఎంతటి ఆపదలోనూ మనుష్యులపై దీనిని ప్రయోగించవద్దని హెచ్చరించాడు. తండ్రి మరణానికి పగతో నిద్రిస్తున్నవారిని వధించిన తరువాత, పాండవులు వెంబడించగా, అశ్వత్థామ ఒక గడ్డిపోచనే అస్త్రంగా అభిమంత్రించి పాండవనాశనాన్ని సంకల్పించాడు. అచ్చమైన ప్రతీకారాయుధం. అర్జునుడు అదే అస్త్రాన్ని ఎక్కుపెట్టాడు. కాని సంకల్పం వేరు. ముందు గురుపుత్రునికి స్వస్తి, తరువాత తనకు, సోదరులకు స్వస్తి పలికి, అస్త్రం చేత అస్త్రం శమించాలని కోరాడు. నారదవ్యాసులు నడుమ నిలిచి ఉపసంహరించమన్నారు. అర్జునుడు ఉపసంహరించాడు. అశ్వత్థామ చేయలేకపోయాడు. బ్రహ్మచర్యవ్రతం, సత్యం లేనివాడు ఆ అస్త్రాన్ని మరలించబోతే అది వాని శిరస్సునే ఖండిస్తుందని అక్కడ చెప్పబడింది. ప్రయోగవిద్య ఇద్దరికీ ఒక్కటే. ఉపసంహారవిద్య మాత్రం ఒక్కనికే. మరలించలేని ఆ అస్త్రం చివరకు ఉత్తర గర్భంలోని శిశువు వైపు పోయింది.

వి-2 ఇంజను సుమారు 65 క్షణాలు మండేది. అది ఆరిన తరువాత రాకెట్టు ఏ మనుష్యుని మాటా వినదు. ప్రయోగించినవాడు పశ్చాత్తాపపడినా, కాళ్ళమీద పడి ఏడ్చినా అది ఆగదు. ఈనాటికీ ఈ లక్షణం పెద్దగా మారలేదు. 2022 మార్చి 9న మన దేశపు బ్రహ్మోస్ క్షిపణి ఒకటి పొరపాటున ప్రయోగింపబడి పాకిస్తానులోని మియాఁ చన్నూ వద్ద పడింది. దైవానుగ్రహం వలన ప్రాణనష్టం జరగలేదు. ముగ్గురు వైమానికదళ అధికారులను పదవినుండి తొలగించారు. వెళ్ళిపోయినదానిని పిలిచి వెనుకకు తెచ్చే మంత్రం మాత్రం ఎవరివద్దా లేకపోయింది.

ఇది విని యువకుడు చాలాసేపు మౌనంగా ఉన్నాడు. పరీక్షాప్రయోగాలలో దారి తప్పిన క్షిపణిని భూమినుండి ఆజ్ఞ పంపి ఆకాశంలోనే ఛిన్నాభిన్నం చేసే ఏర్పాటు ఉంటుందని, యుద్ధానికి పంపేవానిలో సాధారణంగా దానిని ఉంచరని చెప్పాడు. శత్రువు ఆ ఆజ్ఞను అపహరిస్తే అస్త్రం వ్యర్థమవుతుందట. “అంటే మాస్టారూ, ఉపసంహారం శత్రువు చేతికి పోతుందన్న భయంతో మన చేతిలోనూ లేకుండా చేసుకొన్నాం” అన్నాడు. ఆ మాట నాది కాదు, అతనిదే.

ఉద్యోగం మానమని నేను చెప్పలేదు. క్షాత్రం లేని దేశం నిలువదని నా నిశ్చయం. ఆయుధం లేకపోవడం అహింస కాదు. కాని అదే కంచన్‌బాగ్ విద్యనుండి మరొకటి కూడా పుట్టిందని గుర్తుచేశాను. అగ్ని శిరోభాగానికి తయారుచేసిన తేలికైన కర్బన పదార్థాన్ని నిమ్స్ వైద్యుడొకరు చేతితో ఎత్తి చూసి, తన రోగుల వద్దకు కలామ్‌గారిని తీసుకొనిపోయారు. పోలియో సోకిన పిల్లలు సుమారు 3 కిలోల లోహపు కాలిపట్టీలను ఈడ్చుకొంటూ నడుస్తున్నారు. ఆ పదార్థంతో 300 గ్రాముల పట్టీలు తయారైనవి. పిల్లలు పరుగెత్తుతుంటే తల్లిదండ్రులు కన్నీరు పెట్టుకొన్నారని, తన జీవితపు ఆనందాలలో అదొకటని కలామ్‌గారు తరచుగా చెప్పేవారు. అది అస్త్రోపసంహారమని నేననను. ఉత్తర గర్భంలోని శిశువును శ్రీకృష్ణుడు తన సత్యధర్మాలమీద ఆన పెట్టి బ్రతికించిన ఘట్టమే ఎందుకో జ్ఞప్తికి వచ్చింది.

అతడు ఉద్యోగంలోనే ఉన్నాడు. భాద్రపద కృష్ణపక్షంలో ఒకనాడు నల్లనువ్వుల పొట్లం తెచ్చి, డోరాలో మరణించినవారికి తర్పణం విడువవచ్చునా అని అడిగాడు. అతని తండ్రి జీవించి ఉన్నారు గనుక అతనికి ఆ అధికారం లేదు. నాకున్నది. తల్లి, తండ్రి, బంధువు, మిత్రుడు ఎవరూ లేనివారు తృప్తి పొందాలని ఉదకం విడిచే ఘట్టం మన తర్పణవిధిలోనే ఉన్నది. అక్కడ గోత్రం అడగరు, నామం అడగరు, మతం అడగరు. మహాలయ అమావాస్య ఉదయం మా ఇంటి మిద్దెపైన దక్షిణాభిముఖుడనై నువ్వులు, దర్భలు పట్టుకొని ఆ ఉదకాన్ని విడిచాను. అతడు ప్రక్కన నిలబడి రాగిచెంబుతో నా చేతిలో నీరు పోశాడు. 20,000 మందికి ఒక్క దోసిలి చాలునా అని అడిగాడు. చాలునని విధి చెబుతున్నదని అన్నాను. అతడు చెంబు మరల నింపి తెచ్చాడు, నేను మరల విడిచాను.