సింహాద్రిపురం చిన్నోడు

ఊళ్లోకి డేరా సినిమా వచ్చిందంటే ముందు తెలిసేది పిల్లలకే. ఎద్దులబండికి కట్టిన రంగుల బొమ్మ, ముందు తప్పెట మోత, వెనక కాగితాల కోసం పరుగు... ఆ పూట ఎవరికీ బడి మీద ధ్యాస ఉండదు. రాత్రికి ఇసుకలో కూర్చుని, రీలు రీలుకీ మధ్య వచ్చే విరామంలో వేరుశనక్కాయలు వొలుచుకుంటూ చూసిన సినిమాను మర్నాటికి చాలామంది మర్చిపోతారు. ఎక్కడో ఒకడు మాత్రం మర్చిపోడు. పద్యం వస్తే పద్యం, పాట వస్తే పాట, నటుడు కనుబొమ్మ ఎగరేస్తే ఆ కనుబొమ్మతో సహా అప్పజెప్పేస్తాడు.

1930ల చివర్లో కడప జిల్లా పులివెందుల తాలూకాలో అలాంటి పిల్లాడు ఒకడుండేవాడు. పేరు బసవరాజు వెంకట పద్మనాభం. 1931 ఆగస్టు 20న సింహాద్రిపురంలో పుట్టాడు. తండ్రి వెంకటశేషయ్య, తల్లి శాంతమ్మ. లెక్కలూ దస్తావేజులూ తెలిసిన కరణాల ఇల్లు. ఆ ఇంటి పిల్లాడికి మాత్రం లెక్కలకన్నా రాగాలే వంటబట్టాయి. తర్వాతి రోజుల్లో తెలుగువాళ్లను దశాబ్దాలపాటు నవ్వించిన హాస్యనటుడు పద్మనాభం ఆ పిల్లాడే. నవ్వించడం తర్వాతి మాట. మొదట అతడు చేసింది పాడడం!

పిల్లల వేషం... పిల్లలాట కాదు

కడప జిల్లా వాళ్లకు నాటకం కొత్త కాదు. చక్రాయపేట ప్రాంతంలోని సురభి గ్రామంలో 1885లో ఓ పెళ్లి సందర్భంగా వనారస కుటుంబం 'కీచకవధ' ఆడింది. ఆ ఒక్క ప్రదర్శనతో మొదలై కుటుంబాలకు కుటుంబాలే నాటక సమాజాలుగా మారిపోయాయి. ఊరి పేరే వాళ్ల పేరైంది. సురభి వాళ్లింట పుట్టిన బిడ్డకు రంగస్థలమే పెరడు. నడక రాకముందే బాలకృష్ణుడి వేషం, మాట వచ్చాక లోహితాస్యుడు, గొంతు నిలబడ్డాక ప్రహ్లాదుడు, ధ్రువుడు, లవకుశులు. ఇలా వయసును బట్టి వేషాలు మారుతూ వచ్చేవి.

పైకి ముద్దుగా కనిపించే ఈ వేషాలు పిల్లల ప్రాణాలకు పరీక్షే. ఆ రోజుల్లో మైకులు లేవు. హార్మోనియం శ్రుతి తప్పకుండా చివరి వరసలో కూర్చున్నవాడికి కూడా పద్యం వినపడాలి. మధ్యలో ఎవరైనా 'వన్స్‌మోర్' అన్నారంటే మళ్లీ ఎత్తుకోవాలి. అర్ధరాత్రి దాటినా కళ్లు మూతపడకూడదు. తెలుగులో తొలి పూర్తి టాకీ 'భక్త ప్రహ్లాద' 1932 ఫిబ్రవరి 6న విడుదలైనప్పుడు సినిమా భారమంతా ఓ పసివాడి మీదే పడింది. ప్రహ్లాదుడిగా మాస్టర్ కృష్ణారావు, తల్లి లీలావతిగా సురభి కమలాబాయి నటించారు. తెలుగు సినిమా మాట్లాడడం మొదలుపెట్టిన రోజే ఓ బాలనటుడు కథానాయకుడయ్యాడన్నమాట.

పద్మనాభం సురభి బిడ్డ కాదు. ఇంట్లో నటులు లేరు, చేయిపట్టి వేదిక ఎక్కించే సమాజం లేదు. అతడి గురువులు తెరమీద బొమ్మలే. 'ద్రౌపదీ వస్త్రాపహరణం', 'వందేమాతరం', 'సుమంగళి', శోభనాచల వారి 'భక్త ప్రహ్లాద'... ఆ రోజుల్లో డేరాల్లో ఆడిన ఇలాంటి సినిమాల్లోని పాటలూ పద్యాలే అతడి పాఠాలు. ఇందులో చిత్రమైన సంగతి ఒకటుంది. 1939లో 'వందేమాతరం', 1940లో 'సుమంగళి' తీసిన బి.ఎన్.రెడ్డిది కూడా పులివెందుల ప్రాంతమే! కొత్తపల్లెలో పుట్టి మద్రాసు వెళ్లి సినిమాలు తీస్తున్న ఆయన బొమ్మల్ని, ఆ పక్కనే సింహాద్రిపురంలో ఓ పిల్లాడు కళ్లింత చేసుకుని చూస్తున్నాడు. ఆ సంగతి అప్పటికి ఇద్దరికీ తెలియదు.

రైలు దాకా నడవాలి

ప్రొద్దుటూరు అంటే బంగారం, పత్తి వ్యాపారం. దసరా వస్తే అమ్మవారిశాల దగ్గర ఇసుక వేస్తే రాలనంత జనం. జమ్మలమడుగు అంటే పెన్న ఒడ్డు, దగ్గర్లోనే గండికోట. పులివెందుల తాలూకా కేంద్రం. సింహాద్రిపురం లాంటి పల్లెకు పెద్ద ప్రపంచమంటే ఈ మూడు ఊళ్లే. నాటకం కావాలన్నా, కొత్త సినిమా కావాలన్నా, నలుగురు మెచ్చేలా ఓ పద్యం పాడి చూపించాలన్నా అటే పోవాలి.

అక్కడి నుంచి మద్రాసు మాత్రం చాలా దూరం. మైళ్ల లెక్కలో కాదు, మనసు లెక్కలో. మద్రాసు-బొంబాయి రైలు మార్గం ఈ జిల్లా మీదుగానే పోతుంది గానీ ఆ మూడు ఊళ్లలో దేన్నీ తాకదు. రైలెక్కాలంటే ఎర్రగుంట్లో ముద్దనూరో చేరాలి. ప్రొద్దుటూరు, జమ్మలమడుగుల్లో ప్రయాణికుల రైలు కూత వినపడింది 2016లో, ఎర్రగుంట్ల-నంద్యాల మార్గం మొదలయ్యాకే. ఎనభై ఏళ్ల కిందట ఓ పల్లె పిల్లాడు 'సినిమాల్లోకి పోతా' అంటే పెద్దలకు గుండె జారిపోవడంలో వింతేముంది! వేషాలు కట్టేవాళ్లంటే ఊళ్లో చులకన. పోయినవాడు ఏం తింటాడో, ఎక్కడ పడుకుంటాడో తెలియదు. ఉత్తరం రాస్తేగానీ క్షేమం తెలియని రోజులవి.

పైగా కాలం కూడా మంచిది కాదు. రెండో ప్రపంచయుద్ధం. 1942లో జపాను బాంబులు వేస్తుందన్న భయంతో మద్రాసు సగం ఖాళీ అయిపోయింది. స్టూడియోలు మూతపడ్డాయి. ముడిఫిల్ముకు రేషను పెట్టి, సినిమా 11,000 అడుగులు దాటకూడదని సర్కారు హద్దు గీసింది. 1945లో తెలుగులో పట్టుమని పది సినిమాలు కూడా రాలేదు. పెద్దనటులకే పని కరువు. అలాంటి ఊరికి, మీసం కూడా రాని కుర్రాడు, గొంతు తప్ప మరో ఆస్తి లేకుండా చేరుకున్నాడు.

కన్నాంబ గారి ఇల్లు

అప్పటికి కన్నాంబ పెద్ద తార. 1935లో 'హరిశ్చంద్ర'లో చంద్రమతిగా, మరుసటి ఏడాది 'ద్రౌపదీ వస్త్రాపహరణం'లో ద్రౌపదిగా వేసిన ఆమె డైలాగులు జనానికి కంఠతా వచ్చు. భర్త కడారు నాగభూషణంతో కలిసి శ్రీరాజరాజేశ్వరీ ఫిలిం కంపెనీ నడిపేవారు. నటులూ సాంకేతిక నిపుణులూ కంపెనీ మనుషులుగా ఉండి పనిచేసే పద్ధతి అది. నాటకాల నుంచి వచ్చిన మనిషి కావడంతో గొంతు విలువ ఆమెకు తెలుసు.

ఆ దంపతులు పద్మనాభాన్ని చేరదీశారు. చెప్పుకోవడానికి ఇది ఒక్క వాక్యమే. ఆ వయసు పిల్లాడికి అదే సర్వస్వం. తిండి, నీడ, చేయడానికి పని, 'ఫలానా కంపెనీ కుర్రాడు' అన్న గుర్తింపు ఒక్కసారిగా దొరికాయి. అదే రోజుల్లో మద్రాసు వీధుల్లో తిరిగి, కుళాయి నీళ్లతో కడుపు నింపుకుని, చివరికి ఇంటికి మళ్లినవాళ్లు ఎందరో. వాళ్లలోనూ పద్యం బాగా పాడేవాళ్లు ఉండే ఉంటారు. వాళ్లకు తెరుచుకున్న తలుపు దొరకలేదు, అంతే తేడా.

ఆ తర్వాత వచ్చినవన్నీ చిన్న చిన్న వేషాలే. గూడవల్లి రామబ్రహ్మం 'మాయాలోకం' (1945), 'ముగ్గురు మరాఠీలు' (1946), నాగయ్య 'త్యాగయ్య' (1946), కె.వి.రెడ్డి 'యోగి వేమన' (1947)... గుంపులో ఒకడిగా, గుమ్మం పక్కన ఒకడిగా. కళ్లార్పితే కనిపించనంత చిన్నవి. 1947లోనే వచ్చిన 'రాధిక'లో కృష్ణుడి వేషం దక్కడం పెద్ద మలుపు.

గొంతు మారే వయసు

బాలనటుడి జీవితంలో అసలు గండం పద్నాలుగు, పదిహేనేళ్ల దగ్గర ఉంటుంది. ముద్దు పోతుంది, కాళ్లూ చేతులూ సాగుతాయి, గొంతు బొంగురుపోతుంది. నిన్నటిదాకా 'వన్స్‌మోర్' అన్నవాళ్లే మొహం తిప్పుకుంటారు. ప్రహ్లాదుడి వేషానికి పెద్ద, హీరో వేషానికి చిన్న. చాలామంది బాలనటుల కథ ముగిసేది ఇక్కడే.

పద్మనాభానికి ఇంకో చిక్కు కూడా వచ్చిపడింది. సరిగ్గా అతడు అడుగుపెట్టిన వేళకే సినిమా మారిపోతోంది. ఎవరి పాట వాళ్లే పాడుకునే రోజులు పోయి, నేపథ్యగానం స్థిరపడుతోంది. 1945లో బి.ఎన్.రెడ్డి 'స్వర్గసీమ'లో ఘంటసాల పాడారు. ఇక నటుడికి పాట రావాలన్న నియమం లేదు. ఏ విద్యను నమ్ముకుని ఊరు విడిచాడో, ఆ విద్య అక్కర్లేని చోటికి చేరాడు ఆ కుర్రాడు!

అక్కడే అతడి తెలివి బయటపడింది. పాటతోపాటు డేరాలో నేర్చుకున్నది మరొకటుంది. మనిషిని చూసి పట్టేయడం. నడక, ఉలికిపాటు, బెదురు, వెకిలినవ్వు... ఇవి గొంతు మారినా పోవు. చిన్న వేషాలు వేసిన ఆ ఏళ్లలో గొప్ప గొప్ప నటుల్ని దగ్గర నుంచి చూసే అవకాశం దొరికింది. పక్కన నిలబడ్డవాడికి కనిపించేవి తెరమీద కనిపించవు కదా. 1950లో విజయా వారి 'షావుకారు', 1951లో 'పాతాళభైరవి' వచ్చేసరికి అతడు సిద్ధంగా ఉన్నాడు. 'పాతాళభైరవి'లో నేపాళ మాంత్రికుడి శిష్యుడు సదాజప అతడే. ఎదుట ఉన్నది ఎస్వీ రంగారావు! ఆ గర్జన ముందు వణికే శిష్యుడిగా అతడు చేసిన నటన ఇప్పటికీ నవ్విస్తుంది. సినిమా విడుదలయ్యేనాటికి పద్మనాభానికి ఇంకా ఇరవై నిండలేదు. దాన్ని నిర్మించిన వారిలో ఒకరైన నాగిరెడ్డి, బి.ఎన్.రెడ్డికి తమ్ముడు. ఒకప్పుడు పులివెందుల పక్క పల్లెలో డేరా బయట నిలబడ్డ పిల్లాడు, ఆ ప్రాంతపు వాళ్లే కట్టిన పెద్ద కంపెనీలోకి నటుడిగా నడిచి వచ్చాడు.

అందుకున్నది... అందించింది

పెద్దవాడయ్యాక పద్మనాభం నిర్మాత కూడా అయ్యారు. రేఖా అండ్ మురళీ సంస్థ పేరుతో 1965లో ఎన్టీఆర్, సావిత్రిలతో 'దేవత' తీశారు. తర్వాత తీసిన 'శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న' పాటల రికార్డింగు 1966 డిసెంబరు 15న జరిగింది. సంగీత దర్శకుడు కోదండపాణి ఓ సన్నటి ఇంజినీరింగ్ కుర్రాణ్ణి తీసుకొచ్చి మైకు ముందు నిలబెట్టారు. వయసు ఇరవై. పేరు ఎస్.పి.బాలసుబ్రహ్మణ్యం. సుశీల, పి.బి.శ్రీనివాస్, ఈలపాట రఘురామయ్యలతో కలిసి పాడిన ఆ పాటే ఆయన తొలి సినిమా పాట. కొత్త గొంతుకు డబ్బు పెట్టడం నిర్మాతకు జూదమే. గొంతు ఒక్కటే చేతపట్టుకుని వచ్చిన కుర్రాడి బాధ తెలిసిన నిర్మాత కాబట్టి కాదనలేదేమో!

1970లో 'కథానాయిక మొల్ల' తీశారు. బద్వేలు పక్కన గోపవరం ఆమెదేనని కడప జిల్లా వాళ్లు గర్వంగా చెప్పుకునే కవయిత్రి కథ. వాణిశ్రీ మొల్లగా నటించిన ఆ సినిమాకు ఉత్తమ చిత్రంగా బంగారు నంది వచ్చింది. అయితే సినిమా ఇచ్చిన డబ్బును సినిమాయే పట్టుకుపోయింది. వందల సినిమాల్లో నవ్వించిన మనిషి చివరి రోజుల్లో ఆర్థికంగా ఇబ్బందులు పడ్డారు. 2010 ఫిబ్రవరి 20న చెన్నైలో కన్నుమూశారు.

ఇప్పటి పిల్లలకు

ఇప్పుడు పిల్లాడు నాలుగు డైలాగులు చెబితే ఫోనులో తీసి ఊరంతా పంపిస్తున్నాం. పాటల పోటీలు, డ్యాన్సు షోలు, సీరియళ్లు... తలుపులు చాలానే తెరుచుకున్నాయి. పద్మనాభం రోజుల్లో లేని చట్టం కూడా ఉంది. అమెరికాలో 'ది కిడ్' (1921)లో చార్లీ చాప్లిన్ పక్కన నటించి లోకాన్ని ఏడిపించిన జాకీ కూగన్, పెద్దయ్యాక చూసుకుంటే సంపాదనంతా ఇంట్లోవాళ్లే ఖర్చుచేసేశారు. కోర్టుకెక్కాడు. ఆ గొడవ ఫలితంగా 1939లో కాలిఫోర్నియాలో చట్టం వచ్చింది. మనదేశంలో 2017 నాటి నిబంధనల ప్రకారం బాలనటుల చేత రోజుకు 5 గంటలకు మించి పనిచేయించకూడదు. విశ్రాంతి ఇవ్వకుండా 3 గంటలు దాటకూడదు. వరసగా 27 రోజులకు మించి షూటింగు ఉండకూడదు. జిల్లా మెజిస్ట్రేటు అనుమతి తప్పనిసరి. సంపాదనలో కనీసం 20 శాతం ఆ బిడ్డ పేరుతోనే బ్యాంకులో వేయాలి.

ఇవి ఉన్నాయని ఎందరు అమ్మానాన్నలకు తెలుసు? తెలిసినా ఎందరు అడుగుతున్నారు? మొదటి అవకాశం చేతికొచ్చినప్పుడు గంటలూ శాతాలూ లెక్కపెట్టడం మొహమాటంగానే ఉంటుంది. కానీ ఆ మొహమాటం ఖరీదు కట్టేది పిల్లలే.

చట్టం డబ్బునూ నిద్రనూ కాపాడుతుంది. గొంతు మారే వయసులో, చప్పట్లు ఆగిపోయిన రోజున, 'పోనీలేరా, అన్నం తిని పడుకో. రేపు చూద్దాం' అనడం మాత్రం ఇంట్లోవాళ్ల పని. సింహాద్రిపురం చిన్నోడికి ఆ రోజుల్లో కన్నవాళ్లు దగ్గర లేకపోయినా, అన్నం పెట్టే ఇల్లు ఒకటి దొరికింది. ఇప్పటి పిల్లలకు ఆ ఇల్లు వెతుక్కోవాల్సిన పని రాకూడదు. అది సొంత ఇల్లే కావాలి.