చదివినవారి చరిత్ర

సాహిత్య చరిత్రలు సాధారణంగా రాసినవారి చరిత్రలే. కవి పుట్టిన ఊరు, గ్రంథం వెలువడిన సంవత్సరం, దానిపై సాగిన వాదోపవాదాలు, దానికి దక్కిన సత్కారాలు వాటిలో వివరంగా నమోదవుతాయి గాని, ఆ గ్రంథాన్ని కొనుక్కొని, అరువు తెచ్చుకొని, అద్దెకు తీసుకొని చదివినవారందరూ పాఠకలోకం అనే ఒక్క మాటలో ఇమిడిపోతారు. ఈ ఆనవాయితీకి స్పష్టమైన మినహాయింపుగా నిలిచిన శాఖ సైన్స్ ఫిక్షన్, అంటే శాస్త్ర విజ్ఞానాన్ని ఆధారం చేసుకొని రాబోయే కాలాన్నో ఇతర లోకాలనో ఊహించే కల్పనా సాహిత్యం. దాని పాఠకులు చదవడంతో ఆగక, పరస్పరం ఉత్తరాలు రాసుకొని, సంఘాలు కట్టుకొని, సొంత పత్రికలు నడిపి, చివరకు తమ చరిత్రను తామే గ్రంథస్థం చేసుకున్నారు. ఇలా ఒక సాహిత్యం చుట్టూ అల్లుకున్న అభిమానుల సమాజాన్ని ఫ్యాండమ్ అనీ, ఇష్టపడిన విషయపు లోతుపాతులన్నీ పట్టుదలతో తెలుసుకొనే ఆసక్తిపరుణ్ణి గీక్ అనీ వ్యవహరిస్తారు. ఈ సమాజాలపై వెలువడిన పుస్తకాలు తెలుగువారికి, ముఖ్యంగా తెలంగాణలోని మద్నూర్ వంటి సరిహద్దు ప్రాంతాల పాఠకులకు, ఇంతవరకు చేపట్టని ఒక పనిని గుర్తుచేస్తున్నాయి.

ఫ్యాండమ్ పుట్టుకకు మూలం ఒక చిన్న సంపాదకీయ నిర్ణయం. 1926 ఏప్రిల్‌లో హ్యూగో గెర్న్స్‌బ్యాక్ న్యూయార్క్ నుంచి ప్రారంభించిన ‘అమేజింగ్ స్టోరీస్’ మాసపత్రికలో పాఠకుల ఉత్తరాలను రాసినవారి చిరునామాలతో సహా అచ్చువేయడం మొదలైంది. దానివల్ల ఎక్కడెక్కడో ఒంటరిగా చదువుకుంటున్న యువకులకు తమవంటివారు మరికొందరున్నారని తెలియడమే కాక, సంపాదకునితో పని లేకుండా ఒకరికొకరు నేరుగా ఉత్తరాలు రాసుకొనే వీలు చిక్కింది. ఆ ఉత్తరాల నుంచే 1930లో ‘ది కామెట్’ అనే పత్రిక పుట్టింది. అభిమానులు సొంత ఖర్చుతో తయారుచేసి తమలో తాము పంచుకొనే ఇటువంటి పత్రికలకు తరువాతి కాలంలో ఫ్యాంజైన్లు అనే పేరు స్థిరపడింది. 1934లో గెర్న్స్‌బ్యాక్ పూనికతో సైన్స్ ఫిక్షన్ లీగ్ అనే సంఘం ఏర్పడి ఊరూరా శాఖలకు దారితీయగా, 1937 జనవరిలో ఇంగ్లండులోని లీడ్స్ నగరంలో అభిమానుల సమావేశం, 1939 జూలైలో న్యూయార్క్‌లో మొదటి ప్రపంచ సైన్స్ ఫిక్షన్ సమావేశం జరిగాయి.

ఈ సమాజపు తొలి చరిత్రకారులు దానిలోని సభ్యులే. శామ్ మాస్కోవిట్జ్ రచించిన ‘ది ఇమ్మోర్టల్ స్టార్మ్’ మొదట ఒక ఫ్యాంజైన్‌లో ధారావాహికగా వచ్చి 1954లో పుస్తకరూపం దాల్చింది. 1930ల నాటి అభిమాన సంఘాల చీలికలను, పొత్తులను ఆయన సామ్రాజ్యాల ఉత్థానపతనాలను వర్ణించినంత గంభీరంగా వర్ణించారు. 1939 సమావేశానికి అధ్యక్షత వహించినది ఆయనే. ఆ సభలోకి ఫ్యూచరియన్లు అనే ప్రత్యర్థి బృందానికి చెందిన ఆరుగురిని రానివ్వకపోవడం అభిమానుల చరిత్రలో పెద్ద వివాదంగా మిగిలిపోయింది. ఆ బృందపు కథను అందులోనే పెరిగిన డేమన్ నైట్ 1977లో ‘ది ఫ్యూచరియన్స్’ అనే గ్రంథంగానూ, సభలోకి ప్రవేశం దొరకనివారిలో ఒకరైన ఫ్రెడరిక్ పోల్ 1978లో ‘ది వే ది ఫ్యూచర్ వాజ్’ అనే ఆత్మకథగానూ చెప్పినందువల్ల, ఒకే సంఘటనను ఇరుపక్షాల నుంచి పరిశీలించే అవకాశం నేటి పాఠకునికి దక్కింది. కొద్దిమంది యువకుల తగాదాకు ఇంత సాక్ష్యం మిగలడానికి కారణం వారు తమ పనిని ముఖ్యమని నమ్మి, ప్రతి ఉత్తరాన్నీ ప్రతి కరపత్రాన్నీ భద్రపరచుకోవడమే.

ఈ గ్రంథకర్తలలో ప్రత్యేకంగా చెప్పుకోవలసినవారు హ్యారీ వార్నర్. మేరీలాండ్ రాష్ట్రంలోని హేగర్స్‌టౌన్ అనే చిన్న పట్టణంలో వార్తాపత్రికా విలేకరిగా జీవితం గడిపిన ఆయన, సమావేశాలకు వెళ్లడం అరుదు కావడంతో మిత్రుల చేత హేగర్స్‌టౌన్ సన్న్యాసి అనిపించుకున్నారు. అయినా ఇంటికి వచ్చిన ఫ్యాంజైన్లను ఓపికగా చదివి, ప్రతిదానికీ అభిప్రాయం రాసి పంపుతూ, దశాబ్దాల పాటు సాగిన ఆ ఉత్తరప్రత్యుత్తరాల బలంతో 1940ల అభిమానుల చరిత్రను ‘ఆల్ అవర్ యెస్టర్‌డేస్’గా 1969లోనూ, 1950ల చరిత్రను ‘ఎ వెల్త్ ఆఫ్ ఫేబుల్’గా 1976లోనూ వెలువరించారు. రెండవ గ్రంథపు విస్తృత ప్రతికి 1993లో సైన్స్ ఫిక్షన్ రంగంలో ఇచ్చే హ్యూగో పురస్కారం లభించింది. మహానగరాల్లోని వారికి కాక, చిన్న ఊరు విడిచి వెళ్లని మనిషికి ఈ పని సాధ్యపడటం గమనించదగినది. పాఠకుల చరిత్ర రాయడానికి కావలసిన పెట్టుబడి ఓర్పు, నమ్మకమైన తపాలా, కాగితాన్ని పారవేయని అలవాటు.

తరువాతి తరంలో విశ్వవిద్యాలయాలు కూడా ఈ వైపు దృష్టి సారించాయి. 1984లో జానిస్ రాడ్‌వే ‘రీడింగ్ ది రొమాన్స్’ అనే గ్రంథంలో, స్మిత్‌టన్ అనే మారుపేరు పెట్టిన ఒక ఊరిలోని పుస్తకాల దుకాణపు ఉద్యోగిని చుట్టూ చేరిన 42 మంది మహిళలు ప్రేమ నవలలను ఎందుకు, ఎలా చదువుతున్నారో వారినే అడిగి విశ్లేషించారు. ‘స్టార్ ట్రెక్’ టెలివిజన్ ధారావాహిక ప్రసారం 1966లో మొదలైన మరుసటి ఏడే ‘స్పాకనేలియా’ వంటి ఫ్యాంజైన్లు రాగా, ఆ పాత్రలతో సొంత కథలు అల్లుకొన్న స్త్రీల బృందాలను కామిల్ బేకన్ స్మిత్ 1992లో ‘ఎంటర్‌ప్రైజింగ్ విమెన్’లో చిత్రించారు. అదే ఏడాది వచ్చిన ‘టెక్స్టువల్ పోచర్స్’లో హెన్రీ జెంకిన్స్, అభిమాని ఇతరుల రచనలోంచి తనకు కావలసినది తీసుకొని దానితో కొత్త అర్థాన్ని నిర్మించుకొనే చురుకైన వ్యక్తి అని ప్రతిపాదించారు. అభిమానాన్ని అపరిపక్వతగా చూసే దృష్టిని ఈ మూడు గ్రంథాలూ గట్టిగా ప్రశ్నించాయి.

అభిమానం విషయంలో తెలుగువారు ఎవరికీ తీసిపోరు. అయితే తెలుగు అభిమాన సంఘాలపై వచ్చిన పరిశోధన ప్రధానంగా సినిమాకు చెందినది. ఎస్.వి. శ్రీనివాస్ 2009లో ప్రకటించిన ‘మెగాస్టార్’ గ్రంథం చిరంజీవి అభిమాన సంఘాల పనితీరును, నటుని నుంచి అవి ఆశించే తీరును, వాటి వెనుక ఉన్న సామాజిక ఆకాంక్షలను శ్రద్ధగా పరిశీలించి, అభిమానుల మాటను పండితలోకం వినవలసిన మాటగా నిలబెట్టింది. పుస్తకాల అభిమానుల విషయంలోనూ అంతటి శ్రద్ధ అవసరం. కొమ్మూరి సాంబశివరావు డిటెక్టివ్ నవలల కోసం అద్దె పుస్తకాల దుకాణాల ముందు ఎదురుచూసినవారు, యద్దనపూడి సులోచనారాణి ధారావాహికలను వారం వారం చదివి ఇరుగుపొరుగుతో చర్చించుకొన్న స్త్రీలు, యండమూరి వీరేంద్రనాథ్ ‘చీకట్లో సూర్యుడు’ ద్వారా తెలుగులోనే అంతరిక్ష కల్పనను ఆస్వాదించినవారు రాడ్‌వే, బేకన్ స్మిత్ పరిచయం చేసిన పాఠకులకు ఏ విధంగానూ తక్కువవారు కారు.

ఈ విషయంలో అన్నిటికంటె విస్తారమైన ఆధారం ‘చందమామ’. బి. నాగిరెడ్డి, చక్రపాణి 1947 జూలైలో ప్రారంభించిన ఈ పత్రికకు 1952 నుంచి 1980 వరకు కొడవటిగంటి కుటుంబరావు సంపాదకత్వపు బాధ్యత వహించగా, దాసరి సుబ్రహ్మణ్యం 1954లో ‘తోకచుక్క’తో మొదలుపెట్టి ‘మకరదేవత’, ‘రాకాసిలోయ’, ‘భల్లూక మాంత్రికుడు’ మొదలైన అద్భుత ధారావాహికలను దశాబ్దాల పాటు రాశారు. శాస్త్ర పరికరాల స్థానంలో మంత్రదండాలున్నా, తెలియని ప్రదేశాలలోకి సాహసంతో అడుగుపెట్టే ఆ కథలు సైన్స్ ఫిక్షన్‌కు దగ్గరి చుట్టాలు. ఆ ధారావాహికలకు రచయిత పేరు సాధారణంగా అచ్చయ్యేది కాదు. చిత్రకారుడు చిత్రా గీసిన బొమ్మలను, కథల మలుపులను మనసులో నిలుపుకొన్న పాఠకులు పెద్దవారై ఆ అజ్ఞాత రచయితను గుర్తించి, గౌరవించి, ఆయన ధారావాహికలు మళ్లీ పుస్తకాలుగా రావడానికి కారకులయ్యారు. పత్రిక పాత సంచికలు నేటికీ అందుబాటులో ఉన్నాయంటే వాటిని బైండు చేయించి దాచుకొన్న కుటుంబాల చలవ అందులో ఎంతో ఉంది.

ఆ పత్రికలోని ఫోటో వ్యాఖ్యల పోటీ ఇంతకన్నా విలువైన సాక్ష్యం. ప్రతి నెలా రెండు ఛాయాచిత్రాలు ప్రకటించి, ఒకదానికొకటి పొందికగా కుదిరే రెండు వ్యాఖ్యలను పాఠకుల నుంచి పోస్టు కార్డులపై ఆహ్వానించి, గెలుపొందినవారి పేరును ఊరితో సహా అచ్చువేసేవారు. గెర్న్స్‌బ్యాక్ ఉత్తరాల శీర్షిక అమెరికాలో చేసిన పనిలో సగాన్ని ఈ పోటీ తెలుగునాట చేసింది. పేరు, ఊరు అచ్చులో కనిపించడం వల్ల పాఠకునికి తన ఉనికిపై నమ్మకం కలిగింది. ఆ పేర్లవారు ఒకరికొకరు ఉత్తరాలు రాసుకొని సంఘంగా మారారా, మారకపోతే అడ్డుపడినది ఏమిటి అన్నది పరిశోధకులు చేపట్టవలసిన మంచి ప్రశ్న.

మద్నూర్ ప్రాంతం ఈ ప్రశ్నకు మరో కోణాన్ని చేరుస్తుంది. నేడు కామారెడ్డి జిల్లా బాన్సువాడ రెవెన్యూ డివిజన్‌లో ఉన్న ఈ మండలం మహారాష్ట్రను ఆనుకొని ఉంది. కర్ణాటక సరిహద్దు కూడా ఎంతో దూరం కాదు. సంగారెడ్డి నుంచి అకోలాకు వెళ్లే 161వ జాతీయ రహదారి ఈ ఊరి మీదుగానే దెగ్లూర్ వైపు సాగుతుంది. 1956లో రాష్ట్రాలను భాషల ప్రకారం పునర్వ్యవస్థీకరించినప్పుడు నాందేడ్ జిల్లా దెగ్లూర్ తాలూకాలో ఉండిన ఈ ప్రాంతపు బిచ్కుంద, జుక్కల్ సర్కిళ్లు నిజామాబాద్ జిల్లాలో కలిసాయి. పాలనా సరిహద్దు అలా మారినా మరాఠీ మాట ఇళ్లలోనూ సంతలోనూ తెలుగుతో పాటు కొనసాగింది. ఇటువంటి చోట తెలుగు ‘చందమామ’, మరాఠీ ‘చాందోబా’, కన్నడ ‘చందమామ’ ఒకే కథను, ఒకే బొమ్మలను మూడు భాషల పిల్లలకు అందించగల స్థితి ఉండేది.

సరిహద్దుకు ఆవల మరాఠీలో సైన్స్ ఫిక్షన్‌కు సంస్థాగతమైన ప్రోత్సాహం కూడా లభించింది. 1966లో ఏర్పడిన మరాఠీ విజ్ఞాన పరిషత్తు విజ్ఞాన కథల పోటీలు నిర్వహించగా, అప్పటికే ఖగోళ భౌతిక శాస్త్రవేత్తగా ప్రసిద్ధులైన జయంత్ నార్లికర్ 1974లో తన పేరు తెలియకుండా, నారాయణ్ వినాయక్ జగ్తాప్ అనే మారుపేరుతో కృష్ణబిలంపై కథ పంపి బహుమతి గెలుచుకున్నారు. పేరు ప్రతిష్ఠలను పక్కనపెట్టి కథగానే నిలబడాలనుకొన్న ఆ శాస్త్రవేత్త, 2021లో నాసిక్‌లో జరిగిన అఖిల భారతీయ మరాఠీ సాహిత్య సమ్మేళనానికి అధ్యక్షులయ్యారు. తెలుగు, మరాఠీ రెండూ చదవగల సరిహద్దు పాఠకుడు ఈ రెండు సంప్రదాయాలను పోల్చి చూపడానికి హైదరాబాదు పండితునికంటె అనుకూలమైన స్థానంలో ఉన్నాడు.

తెలుగు తెర కూడా ఈ చరిత్రతో ముడిపడింది. 1991లో సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వంలో వచ్చిన ‘ఆదిత్య 369’ కాలయంత్రం ద్వారా ప్రేక్షకులను శ్రీకృష్ణదేవరాయల కాలానికీ, సుదూర భవిష్యత్తుకూ తీసుకువెళ్లింది. నాగ్ అశ్విన్ చిత్రం ‘కల్కి 2898 ఏడీ’ పేరు 2023 జూలైలో శాన్ డియేగో కామిక్ కాన్ అనే అభిమానుల ఉత్సవంలో ప్రకటితమైంది. 1970లో ఆ ఉత్సవాన్ని నెలకొల్పినవారిలో ఒకరైన కెన్ క్రూగర్ 1939 నాటి న్యూయార్క్ సమావేశానికి హాజరైన బాలుడే కావడం వల్ల, ఉత్తరాలతో మొదలైన ఆ పరంపర చివరకు ఒక తెలుగు సినిమాను కూడా తాకిందని చెప్పవచ్చు.

తెలంగాణలో ఇటువంటి పనికి ఒక ఉజ్జ్వలమైన పూర్వోదాహరణ ఉంది. తెలంగాణలో కవులు లేరన్న ఆక్షేపణకు సమాధానంగా సురవరం ప్రతాపరెడ్డి 1934లో, అంటే అమెరికాలో సైన్స్ ఫిక్షన్ లీగ్ ఏర్పడిన ఏడాదే, 354 మంది కవుల రచనలతో ‘గోలకొండ కవుల సంచిక’ను వెలువరించారు. లేరన్నవారిని పేరుపేరునా చూపడమే ఆయన అనుసరించిన పద్ధతి. ఆనాడు కవులకు జరిగిన న్యాయం ఇప్పుడు పాఠకులకు జరగాలి. గ్రంథాలయాల రోజువారీ హాజరు పుస్తకాలు, మూతపడిన అద్దె దుకాణాల ఖాతాలు, పోటీల విజేతల జాబితాలు, పాత వారపత్రికల ఉత్తరాల శీర్షికలు, ఇళ్లలో మిగిలిన బైండు పుస్తకాల మొదటి పేజీలపై ఉన్న సంతకాలు దానికి మూలసామగ్రి. ఆస్తిపన్నుపై రూపాయికి ఎనిమిది పైసల గ్రంథాలయ సుంకం చెల్లిస్తూ వచ్చిన సమాజానికి, ఆ సుంకంతో కొన్న పుస్తకాలను ఎవరు చదివారో, చదివి ఏ కలలు కన్నారో తెలుసుకొనే హక్కు ఉంది. ఈ సామగ్రిలో అధికభాగం చెదలు పట్టే కాగితం, దాన్ని వివరించగలవారు వయసు మళ్లినవారు కనుక ఈ పని వాయిదాకు ఓర్వదు. హేగర్స్‌టౌన్‌లో ఒక విలేకరి చేయగలిగినది మద్నూర్‌లో ఒక ఉపాధ్యాయుడో, బాన్సువాడలో ఒక గ్రంథపాలకురాలో చేయలేకపోవడానికి కారణమేదీ లేదు. వారు తమ ఊరి పాఠకుల పేర్లను, వారు చదివిన పుస్తకాల పేర్లను రాసిపెట్టడంతోనే ఆ గ్రంథపు మొదటి అధ్యాయం సిద్ధమవుతుంది.