డాలస్‌ల ఉన్న సుజాతకు

సిద్దిపేట

సుజాతా,

నీ ఉత్తరం అందింది. తెలుగువాళ్ల ఫంక్షన్‌ల బిడ్డ మాట్లాడుతుంటే సినిమాల కమెడియన్ లెక్కున్నదని తోటి పిల్లలు నవ్విన్రని, అప్పటిసంది మీతోని గూడ ఇంగ్లిష్‌లనే మాట్లాడుతున్నదని రాసినవ్. చదివి మనసంత చేదైంది.

పద్నాలుగేండ్ల పిల్లకు తానెవరో ఇంక పూర్తిగ తెల్వది. తెర మీద ఎవరిని చూసి జనం మురుస్తున్నరు, ఎవరిని చూసి నవ్వుతున్నరు, అది చూసి తన జాగ ఏదో లెక్క కట్టుకుంటది. మనం గట్లనే కట్టుకున్నం. 1985ల 'ప్రతిఘటన' సినిమాల కోట శ్రీనివాసరావు మన తెలంగాణ యాసల విలన్‌గ ఎంత పేరు తెచ్చుకున్నడో యాదికున్నదా? గొప్పగ చేసిండు, ఆయన్ని అననీకి లేదు. కాని ఆ తర్వాత ఏండ్లకేండ్లు మన మాట రౌడీలకు, నవ్వించెటోళ్లకే దక్కింది. ప్రేమించెటోడు, గెలిచెటోడు కోస్తా మాటే మాట్లాడిండు. మన టాకీసుల మనోళ్లే మన మాటకు పగలబడి నవ్విన్రు. ఇంటర్‌కు హైదరాబాద్ పోంగనే అమ్మతోని ఒక తీరు, కాలేజీల ఒక తీరు మాట్లాడుడు మొదలుపెట్టినం. గట్ల చెయ్యమని ఎవ్వరూ చెప్పలే.

2017ల 'ఫిదా' వచ్చింది. బాన్సువాడ పిల్ల భానుమతిగ సాయిపల్లవి మొటిమలు దాసుకోకుంట, తన సొంత గొంతుతోని మన మాట చెప్పింది. ఆమెది తమిళనాడు, నేర్చుకొని చెప్పింది. ఆ ఏడు నా క్లాసుల ఆడపిల్లలు లేచి జవాబు చెప్పే తీరే మారింది. 2023ల 'బలగం' వస్తే ఊర్లల్ల తెర కట్టుకొని చిన్నా పెద్దా కూసొని ఏడ్చిన్రు.

రీల్స్ చూస్తే మాత్రం మళ్ల గుబులైతది. అండ్ల మన యాస ఎక్కువ నవ్వుల కోసమే. అవి చూసి మా బడి పిల్లగాండ్లు పొద్దుగాల సినిమాల పుష్పరాజ్ లెక్క మాట్లాడుతరు, మాపటికి ఇంకోని లెక్క. వేషాలేసుడు ఆ వయసుకు తప్పు గాదు, వేసి చూసుకుంటనే ఎదుగుతరు. వేషం తీసినంక ఇంట్ల ఒక మాట ఉండాలె గద? అది మనమే మాట్లాడకపోతే ఏ సినిమా ఏం చేస్తది?

ఈ ఆదివారం 'బలగం' పెట్టి బిడ్డ పక్కన కూసో. సబ్‌టైటిల్స్ తీసెయ్. అర్థం కానిది నిన్నే అడగనియ్. ఏమేం అడిగిందో నాకు రాయి.

నీ
రమ