చిలుకా, కోడీ

బ్రిటిష్ హాస్య బృందం మాంటీ పైథాన్ వాళ్ల చచ్చిన చిలుక స్కెచ్ మళ్లీ చూసినా. 1969 డిసెంబరులో బీబీసీలో వచ్చింది. జాన్ క్లీజ్ చచ్చిన చిలుకను పంజరంతో సహా తెచ్చి అంగడి బల్ల మీద పెడతాడు. అంగడాయన మైకేల్ పాలిన్ మాత్రం అది రెస్టు తీసుకుంటోందనే అంటాడు. అది కొమ్మ మీద నిలబడిందే కాళ్లకు మేకులు కొట్టినందుకు! చిలుక ఏమీ చేయదు. నవ్వంతా ఆ ఇద్దరి మొండితనంలోనే ఉంది.

మనకు అంతటిది జంధ్యాల తీసిన ‘అహ నా పెళ్లంట’లో కోడి. పిసినారి లక్ష్మీపతిగా కోట శ్రీనివాసరావు దాన్ని పైనుంచి వేలాడదీసి, చూసుకుంటూ వట్టన్నం తింటాడు. ముఖంలో కూర తిన్న తృప్తి! పండగంటే సంగటీ, నాటుకోడి పులుసూ అనుకునే ప్రొద్దుటూరు, జమ్మలమడుగు వాళ్లం కదా, ఆ ముద్ద ఎంత చప్పగా ఉంటాదో మనకు బాగా తెలుసు. అందుకే ఇంకా నవ్వొస్తాది.

కోట శ్రీనివాసరావూ, హాస్యనటుడు పద్మనాభమూ ఇప్పుడు లేరు గానీ, నాకొక ఆశ. ఆ చిలుకల అంగడి ప్రొద్దుటూరులో పెట్టి, కోటను కూర్చోబెట్టి, మన పులివెందుల పక్క సింహాద్రిపురం పద్మనాభం చేతికి పంజరం ఇయ్యాల. డబ్బు ఎనక్కి ఇయ్యమని పద్మనాభం ఎంత మొత్తుకున్నా, కోట సచ్చినా ఇయ్యడు.